అడ్రినల్ అంటే కిడ్నీ కాదు

ఈ సంచికకి నేను తీసుకున్న మాట హైపోఅడ్రినలిజం. సాహిత్య క్లబ్బు పత్రికలో జబ్బు పేరేంటి అనుకోకండి. ఈ మాటని విప్పితే గ్రీకు, లాటిన్, సంస్కృతం మూడూ బయటికొస్తాయి. చివరికి అది మన ఉద్దానం దాకా వస్తుంది.

ముందు ముక్కలు చేద్దాం. 'హైపో' గ్రీకు మాట, కింద లేదా తక్కువ అని అర్థం. 'అడ్' లాటిన్‌లో దగ్గర. 'రెన్' కూడా లాటినే, అంటే మూత్రపిండం. 'ఇజం' ఇక్కడ సిద్ధాంతం కాదు, శరీరంలో ఒక స్థితి. అన్నీ కలిపితే 'మూత్రపిండం దగ్గరున్నది తక్కువగా పనిచేస్తున్న స్థితి' అని వస్తుంది. 'దగ్గరున్నది' ఏంటి? దానికి సొంత పేరు లేదు! ఉన్నది అడ్రసు మాత్రమే. ఫలానా వాళ్ళ పక్కిల్లు అని చెప్పినట్టు.

దీనికి కారణం చరిత్రలో ఉంది. ఇటలీకి చెందిన శరీర శాస్త్రవేత్త బార్తొలోమియో యుస్టేషి 16వ శతాబ్దంలో ఈ గ్రంథుల్ని వర్ణించాడు. ఒక్కోటి నాలుగైదు గ్రాములు ఉంటుంది. కుడివైపుది ముక్కోణపు టోపీలా, ఎడమవైపుది నెలవంకలా ఉంటుంది. అవి ఏం చేస్తాయో అప్పట్లో ఎవరికీ తెలియదు, కాబట్టి మూత్రపిండాల మీద కూర్చున్న గ్రంథులు అన్నాడు. పని తెలియడానికి ఇంకో మూడు వందల ఏళ్ళు పట్టింది. ఈలోపు పేరు స్థిరపడిపోయింది. ప్రోగ్రామ్ ఏం చేస్తుందో తెలియక ముందే వేరియబుల్‌కి పేరు పెట్టేస్తే ఇలాగే ఉంటుంది.

ఆ తర్వాత వచ్చిన పేర్లన్నీ అదే దారిలో నడిచాయి. 1901 ప్రాంతంలో జోకిచి తకమినె ఆ గ్రంథి నుంచి ఒక పదార్థాన్ని వేరు చేసి అడ్రినలిన్ అన్నాడు. అమెరికాలో అదే పదార్థాన్ని ఎపినెఫ్రిన్ అంటారు. గ్రీకులో 'ఎపి' అంటే మీద, 'నెఫ్రోస్' అంటే మూత్రపిండం. మన పాఠ్యపుస్తకాలు రాసినవాళ్ళు సంస్కృతం నుంచి 'అధి' తెచ్చారు, 'వృక్కం' తెచ్చారు, అధివృక్క గ్రంథి అయింది. మూడు భాషల్లోనూ ఒకటే అడ్రసు.

నేను చిన్నప్పటి నుంచి ఇంగ్లీషు మీడియం. 'అధివృక్క' అని మొదటిసారి తెలుగు మీడియం ఫ్రెండ్ పుస్తకంలో చూశాను. చూడగానే 'అధిక' గుర్తొస్తుంది, ఏదో ఎక్కువైంది అనిపిస్తుంది. నిజానికి ఇక్కడి 'అధి' అధిపతిలో, అధికారంలో, అధ్యక్షుడిలో ఉన్నదే. పైన అని అర్థం. అధిక కూడా ఆ కుటుంబంలోదే కానీ వేరే పని చేస్తుంది. ఇప్పుడు హైపోఅడ్రినలిజంని ముక్కకి ముక్క తెలుగు చేస్తే 'అల్పాధివృక్కత' వస్తుంది. తక్కువా ఎక్కువా పక్కపక్కనే ఉన్నట్టు వినిపిస్తుంది. దీనికి వ్యతిరేకం 'అధికాధివృక్కత' అట, నాలిక మెలిక పడిపోతుంది. సంస్కృతంగా రెండూ తప్పు కావు. కానీ మందుల చీటీ పట్టుకుని నిలబడ్డ మనిషికి రెండూ పనికిరావు. ఇప్పటి శ్రీకాకుళం జిల్లాలోని పర్వతాలపేటలో 1863లో పుట్టిన గిడుగు రామమూర్తి గారు వాడుక భాష కోసం అంత పోరాడింది కథలూ కవితల కోసమే కాదని ఇలాంటి చోట్ల తెలుస్తుంది.

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. కవిటి, కంచిలి, సోంపేట, ఇచ్ఛాపురం, మందస, వజ్రపుకొత్తూరు, పలాస. ఈ మండలాల్లో కిడ్నీ అనే మాట మిగతా రాష్ట్రంలో ఉన్నట్టు ఉండదు. దశాబ్దాలుగా అక్కడ ఇంటింటినీ తాకుతున్న మూత్రపిండాల జబ్బుకి కారణం ఇదీ అని ఇంకా తేలలేదు. పలాసలో 200 పడకల కిడ్నీ ఆసుపత్రి 2023 డిసెంబరులో ప్రారంభమైంది. బడికి పోని ముసలమ్మలు కూడా క్రియాటినిన్ అంకె టకటకా చెప్పేస్తారు. ఇంజనీరింగ్ పిల్లలం మన సీజీపీఏ అంత ధైర్యంగా చెప్పం.

మా పెద్దమ్మది కవిటి వైపు. ఏడాది పైగా నీరసం, బరువు తగ్గడం, లేవగానే కళ్ళు తిరగడం. ఎండలో పని లేకపోయినా మొహం, అరచేతి గీతలు నల్లబడ్డాయి. చిగుళ్ళ మీద కూడా నల్లటి మచ్చలు. చివరికి పట్నంలో పరీక్షలు చేసి, కిడ్నీల మీద ఉండే అడ్రినల్ గ్రంథులు పనిచేయట్లేదని చెప్పి, మాత్రలు రాశారు. ఆ వాక్యంలో ఊరికి చేరింది ఒక్క మాటే. "డాక్టరుబాబు కిడ్నీ అని సెప్పీసినారు" అని వీధంతా అనుకున్నారు. "కిడ్నీయే కదేటమ్మా, ఉప్పు మానీ" అని పక్కింటావిడ సలహా. పెద్దమ్మ మానేసింది. పది రోజుల్లో పెరట్లో పడిపోయింది.

"అది కిడ్నీ జబ్బు కాదు పెద్దమ్మా" అంటే, "కిడ్నీ మీదనంటే కిడ్నీకి కాదేటి బాబూ? మరి దాని పేరేటి?" అంది.

ఇక్కడ పేరుతో ఉన్న ప్రమాదం ఏంటో చూడండి. మూత్రపిండాల జబ్బు ఉన్నవాళ్ళకి సాధారణంగా ఉప్పు తగ్గించమంటారు. అడ్రినల్ గ్రంథులే దెబ్బతిన్న మనిషికి ఉప్పు ఒంట్లో నిలవదు, ఎందుకంటే ఉప్పుని పట్టి ఉంచమని మూత్రపిండాలకి చెప్పే ఆల్డోస్టిరోన్ అనే హార్మోను ఆ గ్రంథిలోనే తయారవుతుంది. అది లేకపోతే సోడియం బయటికి పోతుంది, పొటాషియం పేరుకుంటుంది, బీపీ పడిపోతుంది. అందుకే చాలామందికి ఉప్పు మీద యావ పుడుతుంది, ఊరగాయ ముక్క ఉత్తిగా తినాలనిపిస్తుంది. అలాంటి మనిషి చేత ఉప్పు మాన్పించడమంటే జబ్బుకి సాయం చేయడమే. కొబ్బరినీళ్ళ సంగతీ ఉంది. ఉద్దానం అంటేనే కొబ్బరితోటలు, నీరసం అనగానే బొండాం కొట్టి చేతిలో పెడతారు. అందులో ఉండేది ఎక్కువగా పొటాషియం. వైద్యం మొదలవ్వని అడ్రినల్ రోగికి అది మంచిది కాదు. కిడ్నీ రోగులకైతే ఈ హెచ్చరిక అక్కడ అందరికీ తెలిసిందే.

ఈ జబ్బుని 1855లో లండన్‌లోని గైస్ హాస్పిటల్ డాక్టరు థామస్ ఆడిసన్ 11 మంది రోగుల వివరాలతో పుస్తకంగా రాశాడు. వాళ్ళలో చాలామందికి గ్రంథుల్ని పాడుచేసింది టీబీ. ఇప్పుడు పాశ్చాత్య దేశాల్లో ఎక్కువ కేసులకి కారణం సొంత రోగనిరోధక శక్తే గ్రంథి మీద దాడి చేయడం. మన దేశంలో టీబీ ఇంకా ముఖ్యమైన కారణమే. ఆడిసన్స్ డిసీజ్ అన్న పేరు అలా వచ్చింది. ఈ పేరుతో రాజకీయం కూడా నడిచింది. జాన్ ఎఫ్ కెన్నెడీకి 1947లోనే లండన్‌లో ఈ జబ్బు బయటపడింది. 1960 ఎన్నికల్లో ప్రత్యర్థులు అడిగితే ఆయన మనుషులు, ఆడిసన్స్ అంటే టీబీ వల్ల గ్రంథి నాశనమవడం, ఆయనకి అది లేదు అన్నారు. అర్థాన్ని కుదించేసి, కుదించిన అర్థం ప్రకారం నిజం చెప్పారు!

అయితే హైపోఅడ్రినలిజం, ఆడిసన్స్ ఒకటేనా? కాదు. మొదటిది పెద్ద గొడుగు, రెండోది దాని కింద ఒక భాగం. ఇది మన సీఎస్ వాళ్ళకి సులువుగా అర్థమవుతుంది. మెదడులో హైపోథాలమస్, దాని కింద పిట్యూటరీ, దాని కింద అడ్రినల్. పైవాడు కిందవాడికి సిగ్నల్ పంపుతాడు. పిట్యూటరీ పంపే సిగ్నల్ పేరు ఏసీటీహెచ్. దానికి జవాబుగా అడ్రినల్ కార్టిసాల్ వదులుతుంది. కార్టిసాల్ సరిపోయిందని తెలియగానే పైన సిగ్నల్ తగ్గుతుంది. మామూలు నెగెటివ్ ఫీడ్‌బ్యాక్ లూప్. అడ్రినలే పాడైతే ప్రైమరీ, అదే ఆడిసన్స్. పైనుంచి సిగ్నల్ రాకపోతే సెకండరీ.

రెండింటినీ చర్మం విడదీస్తుంది. ప్రైమరీలో జవాబు రావట్లేదని పిట్యూటరీ ఇంకా ఇంకా ఏసీటీహెచ్ పంపుతుంది. అది మెలనిన్ తయారుచేసే కణాలనీ రెచ్చగొడుతుంది. నల్లబడటం అందుకే. పెద్దమ్మ అరచేతి గీతలు ఎర్రర్ లాగ్ అన్నమాట. సెకండరీలో సిగ్నలే లేదు కాబట్టి ఒళ్ళు నల్లబడదు, ఆల్డోస్టిరోన్ కూడా చాలావరకు మామూలుగానే ఉంటుంది.

సెకండరీకి ఒక పాత కారణం కాన్పు. కాన్పులో రక్తం విపరీతంగా పోతే పిట్యూటరీకి రక్తం అందక అది దెబ్బతినవచ్చు. దీన్ని షీహన్ సిండ్రోమ్ అంటారు. చాలాసార్లు తొలి గుర్తు బాలింతకి పాలు పడకపోవడం. తర్వాత నెలసరి రాదు, నీరసం ఏళ్ళ తరబడి ఉంటుంది. పాలు పడలేదు అన్న మాట మన ఇళ్ళలో ఎంత మామూలుగా అనేస్తామో! పురిట్లో బాగా రక్తం పోయిన ఆవిడ విషయంలో ఆ మాట డాక్టరుకి చెప్పాల్సిన మాట.

ఇంకో కారణం అన్నిటికంటే మామూలుది, స్టిరాయిడ్ మాత్రలు. మోకాళ్ళ నొప్పులకీ ఆయాసానికీ చిన్న మాత్ర ఇస్తే రెండ్రోజుల్లో మనిషి లేచి తిరుగుతాడు. ప్రెడ్నిసొలోన్, డెక్సామెథాసోన్, బీటామెథాసోన్ అన్నీ ఈ జాతే. డాక్టరు లెక్కగా ఇస్తే ప్రాణం నిలబెట్టే మందులు. చీటీ లేకుండా నెలల తరబడి వాడితే లూప్ మోసపోతుంది. ఒంట్లో కార్టిసాల్ లాంటిది బోలెడుందని పైన సిగ్నల్ ఆపేస్తారు, పనిలేని గ్రంథి ముడుచుకుపోతుంది. అప్పుడు మాత్ర ఒక్కసారిగా మానేస్తే లోపల చేసేవాడు లేడు, బయటినుంచి వచ్చేదీ లేదు. వాంతులు, బీపీ పడిపోవడం, స్పృహ తప్పడం, ప్రాణం మీదికి కూడా రావచ్చు. స్టిరాయిడ్లు మంచివి కావు, వెంటనే ఆపీ అని బంధువులు చెప్పే సలహా అందుకే ప్రమాదం. కొన్ని వారాలకి మించి వాడినవాళ్ళు డాక్టరు చెప్పినట్టు మెల్లమెల్లగా తగ్గించుకోవాలి.

చాలామంది పొరపడే ఇంకో చోటుంది. సినిమా ఇంటర్వెల్ చూసి అడ్రినలిన్ రష్ అంటాం కదా, ఆ అడ్రినలిన్ గ్రంథి లోపలి దవ్వలో పుడుతుంది. ఈ జబ్బులో కొరత వచ్చేది బయటి వల్కలంలో పుట్టే కార్టిసాల్‌కి. కాబట్టి హైపోఅడ్రినలిజం అంటే జోష్ తగ్గడం కాదు.

ఈ తేడా తెలియకపోతే రీల్స్ బారిన పడతాం. హైపోఅడ్రీనియా అనే పాత మాట ఒకటుంది. దాన్ని దుమ్ము దులిపి, అడ్రినల్ ఫెటీగ్ అని కొత్త పేరు తగిలించి పౌడర్లు అమ్ముతున్నారు. రాత్రిళ్ళు కోడింగ్ చేసి పొద్దున్న లేవలేకపోతే మీ అడ్రినల్స్ అలసిపోయాయట. హార్మోన్ల నిపుణులు దీన్ని జబ్బుగా ఒప్పుకోరు. 58 పరిశోధనల్ని పరిశీలించి 2016లో వచ్చిన ఒక సమీక్ష అలాంటిదేమీ లేదని పేరులోనే చెప్పేసింది. నిద్ర లేకపోతే నిద్రపోవాలి. కానీ బరువు తగ్గుతూ, నల్లబడుతూ, కళ్ళు తిరుగుతూ ఉంటే పౌడరు కాదు, రక్తపరీక్ష కావాలి. పొద్దున్నే తీసిన రక్తంలో కార్టిసాల్ ఎంతుందో చూడటంతో మొదలుపెడతారు.

మరి పెద్దమ్మ ప్రశ్నకి జవాబు? అల్పాధివృక్కతని నేను వదిలేశాను. అధివృక్క గ్రంథి లోపం పరీక్షలో రాయడానికి బాగుంటుంది. ఇంట్లో మాత్రం కిడ్నీ అన్న మాటే రాకుండా చూడాలనిపించింది. 'ఉప్పు గ్రంథి' అన్నాను, ఆ గ్రంథి చేసే పనులన్నీ అందులో లేవు, అయినా అడ్రసుకి బదులు పని వచ్చింది. పెద్దమ్మకి నచ్చింది. ఇలాంటి రోగులు జేబులో చీటీ పెట్టుకోవాలంటారు, జ్వరం వస్తే మాత్ర పెంచాలి, వాంతులైతే ఇంజక్షన్ పడాలి కాబట్టి. పెద్దమ్మ చీటీని ఆవిడ డాక్టరుకి చూపించి తెలుగులో ఇలా రాసి, మందుల డబ్బా మూతకి అతికించాం:

"నాకు కిడ్నీ జబ్బు కాదు. ఉప్పు గ్రంథి పనిచేయదు, డాక్టర్లు ఆడిసన్స్ అంటారు. ఉప్పు మాన్పించకండి. హైడ్రోకార్టిసోన్ మాత్ర ఒక్కపూట కూడా ఆపకండి. వాంతులైనా, స్పృహ తప్పినా వెంటనే పెద్దాసుపత్రికి తీసుకెళ్ళి ఈ చీటీ చూపించండి."