ఆట్రియస్ వంశము: శాపమా, స్వయంకృతమా?

చేసిన పాపము కట్టి కుడుపునని మన పెద్దలందురు. చేసినవానిని కుడుపుట న్యాయమే. వాని మనుమలను, మునిమనుమలను గూడ కుడుపుట న్యాయమగునా? మా తరగతిలో దాయాదుల పిల్లలిద్దరు ఒకే బల్లపై కూర్చుండియు మాటలాడుకొనకుండుట మేము చూచితిమి. కారణమడుగగా, తాతలనాటి పొలము గట్టు తగాదా యని మాత్రము చెప్పిరి. ఆ గట్టు ఎక్కడ నున్నదో ఇద్దరికిని తెలియదు. నాడు మాకు జ్ఞప్తికి వచ్చిన గ్రీకు పురాణకథను ఇచట వివరించుచున్నాము. పేర్లు క్రొత్తవి గనుక తరముల వరుసను చెప్పెదము.

మొదటివాడు టాంటలస్. ఇతడు నేటి తుర్కీదేశమున నున్న సిపిలస్ పర్వతప్రాంతమునకు రాజు. దేవతలు తమ పంక్తిలో కూర్చుండబెట్టుకొని భుజించునంతటి గౌరవమును పొందినవాడు. వారి సర్వజ్ఞత్వమును పరీక్షింపగోరి, తన కుమారుడైన పెలాప్స్‌ను చంపి వండి వడ్డించెను. దేవతలు గ్రహించి బాలుని బ్రతికించిరి. టాంటలస్‌ను పాతాళమున ఒక మడుగులో నిలిపిరి. వంగినచో నీరు ఇంకిపోవును. చేయి చాచినచో పండ్లకొమ్మ పైకి తొలగును. ఆశపెట్టి అందకుండ చేయుట యను అర్థమున ఇంగ్లీషులో వాడు 'టాంటలైజ్' అను క్రియ ఇతని పేరునుండి పుట్టినదే.

రెండవ తరము పెలాప్స్. పీసా రాజైన ఈనొమేయస్‌ను రథపందెమున గెలిచినవానికే అతని కూతురు హిప్పొడమియా దక్కును. పెలాప్స్ రాజుగారి సారథి మిర్టిలస్‌ను లోబరచుకొనగా, వాడు ఇరుసు చీలను తీసి మైనపు చీలను పెట్టెను. చక్రమూడి రాజు మరణించెను. పిమ్మట పెలాప్స్ ఆ సారథినే సముద్రమున త్రోసివేసెను. మునుగుచు వాడు పెలాప్స్ సంతతిని శపించెను. గ్రీసు దక్షిణభాగమునకు పెలొపొనీస్, అనగా పెలాప్స్ ద్వీపము, అను పేరు ఇతనివలననే కలిగెను.

మూడవ తరమున ఆట్రియస్, థయస్టీస్ అను అన్నదమ్ములు మైసీనీ సింహాసనమునకై పోరాడిరి. తమ్ముడు అన్న భార్యతో చేతులు కలిపి ద్రోహము చేసెను. అన్న సంధి నెపమున తమ్ముని విందుకు పిలిచి, అతని బిడ్డల మాంసమునే అతనికి వడ్డించెను. తాత చేసిన ఘోరము మనుమని యింట మరల జరిగినది.

నాల్గవ తరము ఆట్రియస్ కుమారుడు అగమెమ్నన్. ట్రాయ్ యుద్ధమునకు పోవుచుండగా ఆలిస్ రేవున ఆర్టెమిస్ దేవత ఆగ్రహమున ఓడలు కదలలేదు. ఆమె శాంతికై అతడు తన కూతురు ఇఫిజెనియాను బలియిచ్చెను. పదియేండ్ల తరువాత జయించి వచ్చిన అతనిని భార్య క్లైటెమ్నెస్ట్రా, థయస్టీస్ కుమారుడైన ఈజిస్థస్‌తో కూడి చంపించెను, చంపెను. ఐదవ తరమువాడైన ఒరెస్టీస్ తండ్రి కొరకు తల్లిని చంపెను.

విద్యార్థులారా, ఇచట నొక విషయము గమనింపుడు. ప్రతివారును తాము చేసినది న్యాయమనియే చెప్పిరి. ఆట్రియస్ ద్రోహిని శిక్షించితిననెను. క్లైటెమ్నెస్ట్రా బిడ్డకై చేసితిననెను. ఒరెస్టీస్ తండ్రికై చేసితిననెను. ఒక్కొక్కరి మాటలో సగము సత్యము కలదు. ఆ సగము సత్యమే మరుసటి హత్యకు కారణమైనది.

ఈ కథను ఈస్కిలస్ మహాకవి మూడు నాటకములుగా రచించెను. 'ఒరెస్టియా' యను పేర ప్రసిద్ధమైన అవి క్రీ.పూ. 458లో ఏథెన్స్‌లో ప్రదర్శింపబడెను. మొదటి నాటకమున క్లైటెమ్నెస్ట్రా, చంపినది నేను కాను, ఈ వంశమును పట్టిన పగదేవతయే నా రూపమున వచ్చి చంపినదని వాదించును. పగదేవత తోడ్పడి యుండవచ్చును గాని నీవు నిర్దోషివి కావని పురవృద్ధులు బదులు చెప్పుదురు. శాపము పురికొల్పవచ్చును, కత్తి పట్టిన చేయి మాత్రము మనుష్యునిదే. కథలోని మర్మమిదియే యని మా అభిప్రాయము.

మూడవ నాటకమున ఎరినీలను పగదేవతలు ఒరెస్టీస్‌ను తరుముదురు. అథీనా దేవత తానొక్కతెయే తీర్పు చెప్పక, పౌరులను న్యాయాధిపతులుగా ఏరి ఏరియొపాగస్ కొండపై సభ కూర్చును. అపోలో ఒరెస్టీస్ పక్షమున వాదించుచు, తల్లి బిడ్డను పోషించునదియే గాని నిజమైన జనని కాదనును. ఈ వాదమును మనము అంగీకరింపనక్కరలేదు. ఓట్లు సమానమగుటచే ఒరెస్టీస్ విడుదల పొందును. అంతటితో కథ ముగియలేదు. ఓడిన ఎరినీలు దేశమును నాశనము చేసెదమనగా, అథీనా వారిని అవమానింపక, ఓర్పుతో నచ్చజెప్పి, నగరమున పూజాస్థానమిచ్చును. ఆ నాటకము పేరు 'యూమెనిడీస్', దయగలవారని అర్థము. ఓడినవారికిని గౌరవమిచ్చినప్పుడే పగ చల్లారినది.

ఈ న్యాయసభ కవికల్పన మాత్రము కాదు. ఏరియొపాగస్ సభ ఏథెన్స్‌లో నిజముగా నుండెడిది. క్రీ.పూ. 462 ప్రాంతమున ఎఫియాల్టీస్ దాని అధికారములను చాలవరకు తగ్గించినను, హత్యానేరముల విచారణ దానికే మిగిలెను. నాటకము చూచిన ప్రజలకు అది తమ యూరి కథయే.

జనమేజయుడు తండ్రి మరణమునకు ప్రతిగా ఆరంభించిన సర్పయాగమును ఆస్తీకుడు మాన్పిన వృత్తాంతమును ఆదిపర్వమున చదివినవారికి ఈ ముగింపు పరాయిదిగా తోచదు.

తలిదండ్రులకొక మనవి. పొలమును, ఇంటిని, భాషను పిల్లలకప్పగింపుడు, తగాదాను అప్పగింపకుడు. తప్పనిసరియైనచో అది పెద్దల నడుమనో, న్యాయస్థానముననో తీరవలెను గాని పిల్లల బల్లపై కాదు.

అభ్యాసము:
1. ఐదు తరములలో, ఎవరు ఎచట ఆగియున్నచో కథ అంతటితో ముగిసెడిది? కారణములు వ్రాయుడు.
2. ఎరినీలకు పూజాస్థానమీయక వారిని వెడలగొట్టియున్నచో ఏమి జరిగెడిది?
3. మీ యింట పెద్దలనడిగి, రాజీతో ముగిసిన ఒక పాత తగాదాను గూర్చి పది వాక్యములు వ్రాయుడు.