తెలుగు సబ్‌టైటిల్ సరిగ్గా చూపించే ప్లేయర్

సిద్దిపేట, దుబ్బాక, చేర్యాల వైపు తెలుగు మీడియంలో చదివి ఇంజనీరింగ్‌కి వచ్చినవాళ్లకు మొదటి సెమిస్టర్‌లో అసలు కష్టం సబ్జెక్టు కాదు, దాన్ని చెప్పే ఇంగ్లీషు. ఎన్‌పీటెల్ పాఠం మూడుసార్లు విన్నా సగం మాటలు జారిపోతాయి. బొమ్మ కింద ఒక తెలుగు లైను ఉంటే ఎంత తేడానో! అందుకే ప్లేయర్ ఎంచుకునేటప్పుడు నేను ముందు చూసేది ఒక్కటే: ఒత్తులు విడిపోకుండా తెలుగు చూపిస్తుందా?

ఈ లెక్కన నా ఓటు వీఎల్‌సీకే. 1996లో పారిస్ దగ్గర ఎకోల్ సెంట్రల్ అనే ఇంజనీరింగ్ కాలేజీలో విద్యార్థుల ప్రాజెక్టుగా మొదలైంది (మనలాంటోళ్ల పనే మరి), 2001లో ఓపెన్ సోర్స్ అయింది. డౌన్‌లోడ్ మాత్రం వీడియోలాన్ డాట్ ఆర్గ్ నుంచే చేయండి. వర్షన్ 3 లేదా ఆపైది ఉండాలి.

వీడియో ఆగి ఆగి నడిస్తే వెంటనే ప్లేయర్‌ని తిట్టకండి. ఎంపీ4, ఎంకేవీ అనేవి డబ్బాలే; లోపల వీడియోని కుదించిన పద్ధతి, అంటే కోడెక్, వేరు. కంట్రోల్, జె కలిపి నొక్కితే అదేంటో కనిపిస్తుంది. హెచ్.265 అని ఉండి, మీది ఇంటెల్ ఆరో తరం కన్నా పాత లాప్‌టాప్ అయితే బరువు దాదాపు అంతా సీపీయూ మీదే పడుతుంది. ఫ్యాన్ మోత అందుకే. హెచ్.264 కాపీ వెతుక్కోవడమే మేలు.

ఇక తెలుగు సంగతి. టూల్స్‌లో ప్రిఫరెన్సెస్, అందులో సబ్‌టైటిల్స్ తెరవండి. ఎన్‌కోడింగ్ యూటీఎఫ్-8, ఫాంట్ నిర్మలా యూఐ పెట్టి, సేవ్ చేసి, ప్లేయర్ మూసి మళ్లీ తెరవండి. అక్షరాల బదులు డబ్బాలు కనబడితే తప్పు ఫాంట్‌ది. ప్రశ్నార్థకాలు కనబడితే ఫైలే పోయినట్టు: నోట్‌ప్యాడ్‌లో ఎవరో ఆన్సీ ఎన్‌కోడింగ్‌లో సేవ్ చేశారు. ఆ అక్షరాలు ఇక తిరిగి రావు, మళ్లీ టైప్ చేయాల్సిందే. కాబట్టి జూనియర్ల కోసం సబ్‌టైటిల్స్ రాసేవాళ్లు మొదటి లైను రాయకముందే యూటీఎఫ్-8లో సేవ్ చేసుకోండి. ఫైలుకు వీడియో పేరే పెట్టి, అదే ఫోల్డర్‌లో ఉంచితే వీఎల్‌సీ దానంతట అదే తీసుకుంటుంది. లైను మాట కన్నా ముందే వస్తుంటే హెచ్ కీ, వెనకబడుతుంటే జి కీ. ఒక్కో నొక్కుకి 50 మిల్లీసెకన్లు జరుగుతుంది.