భాగపు దావాలో కోర్టు రుసుము: ప్రతివాది ఆక్షేపణ ఎంతవరకు చెల్లును?

తోబుట్టువుల నడుమ పొలము పంపకము పొసగనప్పుడు వారు మొదట వచ్చునది పంచాయతీ సభ్యుల కడకే. అచ్చట పరిష్కారము కానిచో దావా పడును. దావా పడినంతనే “ఆస్తిని తక్కువగా మదింపు వేసినారు, చెల్లించిన రుసుము చాలదు” అని ప్రతివాది అడ్డు తగులుట పరిపాటి. ఈ ఆక్షేపణకు భయపడి తమ భాగమునే విడిచిపెట్టుకొను ఆడపడుచులు కలరు. కావున దీని స్వరూపము సభ్యులెరుగుట అవసరము.

ఆంధ్రప్రదేశ్ కోర్టు ఫీజుల, దావాల మదింపు చట్టము 1956లో ఏర్పడినది. దాని 34వ సెక్షను భాగపు దావాలను రెండు తెగలుగా విభజించినది. వాది ఇతర హక్కుదారులతో కూడి ఆస్తిని సమిష్టి స్వాధీనములో కలిగియున్నచో కొలది వందల రూపాయలకు మించని స్థిర రుసుము చాలును. వాదిని స్వాధీనము నుండి తొలగించియున్నచో ఆతని వాటాకు దావా దాఖలు నాటి బజారు విలువ ననుసరించి రుసుము చెల్లింపవలెను. ఆరెకరముల భూమికి ముగ్గురు సమభాగస్థులనుకొందము. ఎకరము తొమ్మిది లక్షలైనచో ఒక్కొక్క వాటా పదునెనిమిది లక్షలు. దాని ననుసరించి రుసుము వేలలోనికి పోవును. తగవంతయు ఈ వ్యత్యాసము కొరకే.

“చెల్లెలు అత్తవారింట నున్నది, పొలము దున్నుచున్నది నేను, ఆమెకు స్వాధీనమెక్కడిది?” అని అన్న వాదించును. ఈ వాదము పైకి బలముగా కనబడును గాని న్యాయము వేరు. సహహక్కుదారులలో ఒకని స్వాధీనము అందరి స్వాధీనముగా భావింపబడును. పొలమును స్వయముగా దున్నకపోయినను, ఫలసాయములో భాగము ముట్టకపోయినను, అంతమాత్రమున వాదిని తొలగించినట్లు కాదని 1980 నాటి తీర్పుల సంపుటములలో ప్రకటితమైన సుప్రీంకోర్టు తీర్పు తెలుపుచున్నది. ఆడపడుచు పుట్టింట కాపురముండదు గదా!

ఇంకొక ముఖ్యవిషయము. రుసుమును నిర్ణయించునది దావాపత్రములోని కథనమే గాని ప్రతివాది జవాబు కాదని సుప్రీంకోర్టు 1958లోనే చెప్పినది. కనుక దావాపత్రము వ్రాయించునప్పుడు జాగ్రత్త వలయును. కోపమున “నన్ను వెడలగొట్టి, నా హక్కును కాదని, భూమినంతయు ఆక్రమించినాడు” అని వ్రాయించి స్థిర రుసుము మాత్రమే చెల్లించినచో ఆక్షేపణ నిలుచును. అట్లని నిజముగా తొలగింపబడినవారు సమిష్టి స్వాధీనమని కల్పించి వ్రాయుటయు తగదు.

ప్రతివాది తన ఆక్షేపణను జవాబులోనే తెలుపవలెను. 11వ సెక్షను ననుసరించి కోర్టు దానిని సాక్ష్యవిచారణకు పూర్వమే తేల్చును. విలువ విషయమై వివాదమున్నచో కమీషనరును పంపవచ్చును. రుసుము తక్కువైనదని తేలినను దావా వెంటనే పోదు. లోటు చెల్లించుటకు కోర్టు గడువిచ్చును. గడువులోపల చెల్లింపనిచో దావాపత్రము త్రోసివేయబడును. రుసుము వాదికిని ప్రభుత్వమునకును సంబంధించిన విషయమనియు, దావాను ఆటంకపరచుటకు ప్రతివాదికి అది ఆయుధము కాదనియు 1961లో సుప్రీంకోర్టు స్పష్టపరచినది.

రుసుము భరింపలేని స్త్రీలు, షెడ్యూల్డు కులములవారు, తెగలవారు 1987 నాటి న్యాయసేవల చట్టము క్రింద ఉచిత సహాయమునకు అర్హులు. ఇందుకు మండల లేక జిల్లా న్యాయసేవా సంస్థకు దరఖాస్తు చేసికొనవలెను. పెండింగులోనున్న దావా లోక్ అదాలతులో రాజీపడినచో చెల్లించిన రుసుము తిరిగి వచ్చును.