నవ్వించిన మోటారు

మెట్టుగూడ నుండి తార్నాక మీదుగా ఉస్మానియా విశ్వవిద్యాలయానికి సాగే రహదారిపై బస్సులు, కార్లు, ఆటోలు ఎడతెగక తిరుగుతుంటాయి. వాటిని చూసి నేడు ఎవరూ ఆశ్చర్యపోరు. మోటారు కొత్తగా వచ్చిన రోజులలో మాత్రం ప్రజలు దానిని వింతతో పాటు భయంతోనూ చూశారు. యంత్రంతో నడిచే బండికి ముందు ఒక మనిషి నడవాలన్న నిబంధన బ్రిటన్‌లో 1896 వరకు ఉండేది.

ఆ భయాన్ని హాస్యంగా మలచినవి మూకీ చిత్రాలు. 1900లో సెసిల్ హెప్‌వర్త్ తీసిన ఒక చిన్న చిత్రంలో కారు తిన్నగా ప్రేక్షకుల మీదికే దూసుకువస్తుంది. అదే ఏడాది ఆయన తీసిన మరొక చిత్రంలో కారు పేలిపోతుంది. ఆకాశం నుండి రాలే అవయవాలను ఒక పోలీసు శ్రద్ధగా ఏరి పేర్చుకుంటాడు. 1906లో రాబర్ట్ పాల్ నిర్మించిన చిత్రంలో కారు పోలీసును తొక్కి, గోడ ఎక్కి, శనిగ్రహ వలయంపై పరుగుతీసి, చివరకు న్యాయస్థానం పైకప్పును చీల్చుకొని లోపల పడుతుంది. ఆనాడు కారు సంపన్నుల సొత్తు. దాని దర్పం బోల్తాపడితే కాలినడకన పోయే సామాన్యుడు తనివితీరా నవ్వుకున్నాడు.

మాటలు లేనందున ఈ హాస్యానికి భాష అడ్డుకాలేదు. తెలుగువారిలో సినిమాకు ఆద్యుడైన రఘుపతి వెంకయ్య 1914లో మద్రాసులో గెయిటీ థియేటరును నిర్మించారు. విలాయతు నుండి తిరిగివచ్చినవారి డాంబికాన్ని 1921లో 'బిలత్ ఫెరత్' చిత్రంలో పరిహసించిన ధీరేన్ గంగూలీ, తరువాత హైదరాబాదులో లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించి మూకీలు తీశారు. మోటారు గర్వమైనా, విదేశీ మోజైనా హాస్యానికి ఒకటే. తల ఎగరేసినవాణ్ణి అది నేలకు దించుతుంది.

అయితే ఆ నవ్వు ఊరికే పుట్టలేదు. 1924లో వచ్చిన 'షెర్లాక్ జూనియర్'లో బస్టర్ కీటన్ మోటారు సైకిల్ ముందుభాగాన కూర్చుని, వెనుక నడిపేవాడు పడిపోయిన సంగతి ఎరుగక వీధులన్నీ దాటిపోతాడు. ప్రేక్షకులు పొట్ట చెక్కలయ్యేలా నవ్వారు. అదే చిత్రంలోని రైలు సన్నివేశంలో నీటిధార తాకిడికి పట్టాలపై పడి కీటన్ మెడ ఎముక విరిగింది. ఏళ్ళ తరువాత గాని ఆ విషయం ఆయనకే తెలియలేదు.

తెరపై పడినవాడు దుమ్ము దులుపుకొని లేస్తాడు. కనుకనే మనం నవ్వుతాం. రహదారిపై పడినవానికి ఆ వరం లేదు. తార్నాక కూడలిలో ఎర్రదీపం వెలిగినప్పుడు ఆ భేదాన్ని గుర్తుంచుకొని ఆగినవాడే ఆ హాస్యాన్ని సరిగా అర్థం చేసుకున్నవాడు.