ప్రోమిథియస్: కంప్యూటర్ల నాడి చూసే డేటాబేస్

జ్వరమొచ్చిన పిల్లల ఉష్ణోగ్రతను వేళ వేసి రాసుకుంటాం కదా! అలా ప్రతి కొలతకూ సమయం జోడించి వరుసగా దాచిన సమాచారమే కాలశ్రేణి డేటా. దీనికోసం రూపొందిన ఓపెన్ సోర్స్ వ్యవస్థల్లో ప్రోమిథియస్ ఒకటి. 2012లో సౌండ్‌క్లౌడ్ సంస్థలో మొదలైన దీన్ని ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చు.

ఇది నిర్ణీత వ్యవధిలో ఒక్కో సర్వరునూ తానే పలకరించి కొలతలు తెచ్చుకుంటుంది. సర్వరు పలకకపోతే ఆ సంగతీ నమోదవుతుంది. పక్కపక్క కొలతల మధ్య తేడా సాధారణంగా తక్కువే కనుక వాటిని కుదించి దాస్తుంది; ఒక్కో కొలతకు సగటున 1 నుంచి 2 బైట్లు చాలు.

అసలు ప్రయోజనం ముందుచూపు. డిస్కులో 100 జీబీ ఖాళీ ఉండి, గంటకు 20 జీబీ నిండుతోందనుకుందాం. ఇదే వేగమైతే 5 గంటల్లో చోటుండదు. ఈ లెక్కను అదే కట్టి, సేవలు ఆగకముందే సిబ్బందిని హెచ్చరించేలా దీన్ని అమర్చుకోవచ్చు.

అయితే ఒక జాగ్రత్త. మనం గడువు మార్చకపోతే 15 రోజులు దాటిన కొలతలను తొలగిస్తుంది. నూటికి నూరు శాతం ఖచ్చితత్వం కావలసిన బిల్లింగు వంటి లెక్కలకు ఇది తగదని రూపకర్తలే స్పష్టం చేశారు. కాబట్టి కంప్యూటర్ల ఆరోగ్యం ప్రోమిథియస్ చూస్తుంది. ఖాతాదారుడి పైసా పైసా లెక్క మాత్రం లెడ్జరులోనే ఉండాలి.